"అచ్చం మన వాతావరణమే" అంటారు, ఏ లెక్కన?

పాఠకుల ప్రశ్నలు – జవాబులు

పోయిన సంచికలో కొబ్బరి మొక్కల గురించి రాస్తూ ఒక మాట అన్నాను. "అచ్చం మన కోనసీమ వాతావరణమే" అంటూ ఎవరైనా ఎక్కడి మొక్కనో అంటగట్టబోతే, ఏ విషయంలో అచ్చమో అడగండి అని. వ్యాసం మొత్తానికి రాని ఉత్తరాలు ఆ ఒక్క వాక్యానికి వచ్చాయి. అందుకని ఈ నెల శీర్షిక వాటికే. ఉద్యోగమంతా ఒక వ్యవసాయ పరిశోధన స్థానంలో ఉష్ణమాపకాలు, వర్షమాపకం చదవడంతోనే గడిచిన మనిషిని నేను. అంకెలు లేకుండా మాట్లాడటం నాకు చేతకాదు, కాస్త ఓపిక పట్టండి. ఇక్కడ వాతావరణం అన్నప్పుడల్లా నిన్న కురిసిన వాన కాదు, ముప్పై ఏళ్ల సగటు అని అర్థం చేసుకోండి. శాస్త్రగ్రంథాల్లో దీన్నే శీతోష్ణస్థితి అంటారు.

ప్రశ్న: మా బావమరిది కేరళలోని ఆలప్పుళ చూసి వచ్చాడు. కాలువలు, పడవలు, కొబ్బరి చెట్లు, అంతా మన కోనసీమే అంటున్నాడు. అక్కడి పొడుగు రకం విత్తనకాయ తెప్పించి రెండెకరాల్లో వేద్దామని పట్టుబడుతున్నాడు. రెండు ప్రాంతాల వాతావరణం ఒకటేనని శాస్త్రజ్ఞులు దేన్నిబట్టి చెబుతారు?
— కొబ్బరి రైతు, అంబాజీపేట మండలం

జవాబు: మీ బావమరిది చూసినది దృశ్యం. ఆ దృశ్యం నిజమే. కానీ కొబ్బరి చెట్టు దృశ్యం చూసి కాయదు.

ప్రపంచమంతా ఎక్కువగా వాడే కొలత వ్లాదిమిర్ కోపెన్ అనే ఆయనది. 1846లో సెయింట్ పీటర్స్‌బర్గ్‌లో పుట్టాడు, తరువాత జర్మనీలోని హాంబర్గ్ సముద్ర పరిశోధనశాలలో పనిచేశాడు. కుర్రవాడిగా క్రిమియా తీరం నుంచి పీటర్స్‌బర్గ్‌కు ప్రయాణాలు చేస్తూ దారి పొడవునా చెట్టూ చేమా మారిపోవడం గమనించాడట. 1884లో ఉష్ణోగ్రత మండలాల పటం గీశాడు, 1900లో మొక్కల ఆధారంగా పూర్తి వర్గీకరణ ప్రకటించాడు, ఆ తరువాత దాన్ని చాలాసార్లు దిద్దాడు. ఆయనకు కావలసింది పన్నెండు నెలల సగటు ఉష్ణోగ్రత, పన్నెండు నెలల వాన. అంతే. వాటినుంచి రెండు మూడు అక్షరాలు తీస్తాడు.

మన లెక్క చేసి చూపిస్తాను. కాకినాడలో అన్నిటికంటే చల్లని నెల సగటు 18 డిగ్రీలకు చాలా పైనే ఉంటుంది. కాబట్టి మొదటి అక్షరం 'ఏ', అంటే ఉష్ణమండలం. ఆలప్పుళకూ అదే. ఇక్కడివరకూ మీ బావమరిదిదే గెలుపు. రెండో అక్షరం దగ్గర దారులు చీలతాయి. ఏడాది వానను 25తో భాగించి, వచ్చినదాన్ని 100లోంచి తీసేయాలి. మనకు ఏడాదికి సుమారు 1100 మిల్లీమీటర్లు అనుకుంటే, 25తో భాగిస్తే 44, నూటిలోంచి తీస్తే 56. అన్నిటికంటే ఎండు నెలలో 56 మిల్లీమీటర్లయినా కురిస్తే రుతుపవన రకం, లేకపోతే సవన్నా రకం. మన జనవరి, ఫిబ్రవరి నెలల్లో పది మిల్లీమీటర్లకు అటూ ఇటూ. కాబట్టి మనది 'ఏడబ్ల్యూ', చలికాలం పొడిగా ఉండే ఉష్ణమండల సవన్నా. సవన్నా అనగానే జిరాఫీలు గుర్తొచ్చి చాలామంది నొచ్చుకుంటారు. పచ్చటి డెల్టాకు ఆ పేరేమిటని ఒకాయన నాతో తగువు కూడా పెట్టుకున్నారు. ఆ పచ్చదనం కాలువది, వానది కాదు.

కేరళ తీరానికి ఇదే లెక్క వేయండి. కొచ్చిలో ఏడాదికి సుమారు 3000 మిల్లీమీటర్లు. 25తో భాగిస్తే 120. నూటిలోంచి తీస్తే సున్నా కంటే కిందికి పోతుంది. అంటే ఎండు నెలలో చుక్క పడకపోయినా అది 'ఏఎం', రుతుపవన రకమే. తక్కిన నెలల్లో నేల అంతగా తడిసి ఉంటుంది కనుక నెలా రెండు నెలల ఎండును అది ఓర్చుకుంటుందని కోపెన్ ఊహ. ఆ ఊహ కొబ్బరి విషయంలో బాగా సరిపోతుంది. అక్కడ ఏప్రిల్, మే నెలల్లోనే జల్లులు మొదలవుతాయి. ఇక్కడ అవే నెలల్లో కాలువలు కట్టేస్తారు, బోరు లేని తోటలో పిందె రాలుతుంది, మట్టలు వాలిపోతాయి. వాన, ఉష్ణోగ్రతల సగటుల్లో ఎండు నెలల పొడవు తప్పితే తక్కిన తేడాలన్నీ కొబ్బరికి చిన్నవే.

ఇక విత్తనకాయ సంగతి. ఇంటిపేరు ఒకటైనంత మాత్రాన చుట్టాలు కారన్నట్టు, కొబ్బరి అయినంత మాత్రాన అక్కడిదీ ఇక్కడిదీ ఒకటి కాదు. అక్కడ తరతరాలుగా నిలిచినది పడమటి కోస్తా పొడుగు రకం, ఇక్కడ నిలిచినది తూర్పు కోస్తా పొడుగు రకం. మీ మండలంలోనే ఉన్న పరిశోధన స్థానం తూర్పు కోస్తా పొడుగును మన గంగబొండం పొట్టి రకంతో కలిపి 'గోదావరి గంగ' అనే సంకరం తీసింది. ఇంటి పక్కన ఉన్నదాన్ని వదిలి అంత దూరం పోవడం ఎందుకు? పైగా దక్షిణ కేరళ తోటల్లో వేరు విల్టు తెగులు శతాబ్దానికి పైగా ఉంది. రవాణా ఖర్చుతో పాటు దాన్ని కూడా కొనుక్కునే ప్రమాదం ఉంది.

ప్రశ్న: డిగ్రీ భూగోళశాస్త్రంలో కోపెన్, థారన్‌త్వైట్, హోమోక్లైమ్, క్లైమేట్ అనలాగ్ అని నాలుగు పేర్లు వచ్చాయి. గైడులో నాలుగింటికీ దాదాపు ఒకే నిర్వచనం ఉంది. తేడా ఏమిటి?
— డిగ్రీ విద్యార్థిని, రావులపాలెం

జవాబు: గైడు పక్కన పెట్టమ్మా. ఒక్కొక్కరు వేసిన ప్రశ్న వేరు, అందుకే జవాబులు వేరు.

అంతకంటే ముందు పటం మీద గీత ఉంది. 1817లో జర్మన్ శాస్త్రవేత్త హంబోల్ట్ ఒకే సగటు ఉష్ణోగ్రత ఉన్న చోట్లను కలిపి గీతలు గీశాడు. అవి సమోష్ణ రేఖలు. వానకు అలాంటివే సమవర్షపాత రేఖలు. ఒకే గీత మీద ఉన్న రెండు ఊళ్లు ఆ ఒక్క విషయంలోనే సమానం. కోపెన్ ఉష్ణోగ్రతనూ వాననూ కలిపి గడులు చేశాడు. అమెరికాకు చెందిన థారన్‌త్వైట్ 1948లో వేరే ప్రశ్న వేశాడు. ఎంత వాన పడింది అన్నది కాదు, నేలా మొక్కా కలిసి ఆవిరి చేయగలిగినంత నీరు పడిందా అని. ఆ ఆవిరినే బాష్పీభవన–బాష్పోత్సేకం అంటాం. వానను రాబడిగా, ఆవిరిని ఖర్చుగా రాసుకుంటూ నెలనెలా నీటి జమాఖర్చు వేశాడు. ఆ పద్ధతిలో భారతదేశం మొత్తానికి లెక్క వేసినవారు మన ఆంధ్ర విశ్వవిద్యాలయానికి చెందిన వి.పి. సుబ్రహ్మణ్యం. నీ గైడులో ఆ పేరు లేకపోతే అంచున రాసుకో.

మా పరిశోధన స్థానంలో ఆవిరి కొలిచే పళ్లెం ఉండేది. మీటరు పైన వ్యాసం, జానెడు పైన లోతు, పైన ఇనుప వల. వల ఎందుకంటే కాకులు వచ్చి తాగేస్తాయి, ఆ గుక్కెడు కూడా ఆవిరి ఖాతాలో పడిపోతుంది. ఎండాకాలం రోజుకు అయిదారు మిల్లీమీటర్లు దిగడం మామూలు. అలా ఏడాది పొడుగునా కూడితే మన డెల్టాలో ఖర్చు రాబడిని మించుతుంది. కేరళ తీరంలో రాబడే మించుతుంది. కోపెన్ అక్షరం కంటే నాకు ఈ జమాఖర్చు మీదే నమ్మకం ఎక్కువ.

హోమోక్లైమ్ అంటే వర్గీకరణ కాదు, జత. ఒక చోటు తీసుకుని, దానికి సరిపోయే చోట్లు భూమ్మీద ఎక్కడెక్కడ ఉన్నాయో వెతకడం. పెవెరిల్ మీగ్స్ అనే భూగోళశాస్త్రజ్ఞుడు 1953లో యునెస్కో కోసం ప్రపంచంలోని ఎడారి, అర్ధ ఎడారి ప్రాంతాలన్నిటినీ ఇలా పోల్చి పటం గీశాడు. అనలాగ్, అంటే సదృశ ప్రాంతం, దాదాపు అదే పని. కాకపోతే ఒక పంట కోసమో, ఒక పురుగు కోసమో, రాబోయే కాలం కోసమో వెతుకుతారు. 1940లలో నట్టన్‌సన్ అనే ఆయన చైనాలో పంటలు పండే ప్రాంతాలకు ఉత్తర అమెరికాలో సదృశ ప్రాంతాలు చూపిస్తూ ఇలాంటి పనే చేశాడు.

పరీక్షలో ఎక్కువ మార్కులు కావాలంటే మధ్యధరా రకం ఉదాహరణ రాయి. మధ్యధరా తీరం, కాలిఫోర్నియా, మధ్య చిలీ, దక్షిణాఫ్రికాలోని కేప్ ప్రాంతం, నైరుతి ఆస్ట్రేలియా. అయిదు చోట్లా చలికాలం వాన, ఎండాకాలం ఎండు. అయిదు చోట్లా ద్రాక్ష పండుతుంది. దిద్దేవాళ్లకు ఈ ఉదాహరణ బాగా ఇష్టం.

ప్రశ్న: మా అబ్బాయి ఆస్ట్రేలియాలోని డార్విన్‌లో ఉంటాడు. అక్కడిదీ మనదీ ఒకే కోపెన్ అక్షరం అంటాడు. కానీ సంక్రాంతికి ఫోను చేస్తే కుండపోత వాన అంటాడు! ఇదెలా?
— విశ్రాంత ఉపాధ్యాయురాలు, మండపేట

జవాబు: మీ అబ్బాయి రెండుసార్లూ నిజమే చెప్పాడండీ. డార్విన్ భూమధ్యరేఖకు దక్షిణాన ఉంది. అక్కడ వాన నవంబరు–ఏప్రిల్ మధ్య, ఏడాదికి సుమారు 1700 మిల్లీమీటర్లు. వాళ్లకు చలికాలం జూన్, జూలై. చలికాలం పొడిగా ఉంది కనుక అదీ 'ఏడబ్ల్యూ'యే. సదృశ ప్రాంతాలు వెతికే సాఫ్ట్‌వేర్లు ముందుగా క్యాలెండర్ను ఆరు నెలలు తిప్పి, వానాకాలానికి ఎదురుగా వానాకాలం పెట్టి అప్పుడు పోలుస్తాయి. బ్రెజిల్ రాజధాని బ్రసీలియా కూడా ఇదే అక్షరంలోకి వస్తుంది. అది సముద్రమట్టానికి వెయ్యి మీటర్ల పైన ఉన్న ఊరు. అమలాపురం వేసవిలో నాలుగు రోజులు ఉన్నవాళ్లెవరూ ఆ రెంటినీ ఒక గాటన కట్టరు, కోపెన్ కడతాడు.

ప్రశ్న: మన మారుటేరు స్వర్ణ వరి బెంగాల్‌లో, ఒడిశాలో విరివిగా వేస్తారని విన్నాను. అక్కడి వాతావరణం మనదేనా? అలాగైతే అక్కడి రకాలు ఇక్కడ వేయవచ్చు కదా?
— వరి రైతు, తణుకు

జవాబు: నిజమే. ఎంటీయూ 7029, అందరికీ స్వర్ణగా తెలిసినది, 1982లో విడుదలైంది. వశిష్ఠ, మాసూరి రకాల సంకరం. మాసూరి మలేసియా నుంచి వచ్చింది. అంటే స్వర్ణ రక్తంలోనే ప్రయాణం ఉంది. ఇక్కడ పుట్టి బెంగాల్, ఒడిశా, బీహార్ చేలను కమ్మేసింది. వరద ముంపు తట్టుకునే జన్యువు చేర్చిన స్వర్ణ సబ్-1 కూడా 2009లో వచ్చింది.

కోల్‌కతా కూడా 'ఏడబ్ల్యూ'యే. కానీ అక్కడ జనవరి రాత్రుల్లో ఉష్ణోగ్రత పద్నాలుగు డిగ్రీల దాకా దిగుతుంది. మన దాళ్వా (రబీ) నారుమడికి మామూలుగా అంత చలి తగలదు. మరి స్వర్ణ ఎలా కుదిరింది? అక్కడ దాన్ని వేసేది వానాకాలంలో. జూలై నుంచి అక్టోబరు దాకా బెంగాల్ చేనుకూ తణుకు సార్వా (ఖరీఫ్) చేనుకూ ఉష్ణోగ్రతలో పెద్ద తేడా లేదు, నీటికి కొదవ లేదు. ఏడాది మొత్తం పోలిస్తే దూరమైన చోట్లు, పంట నిలిచి ఉండే నెలల్లో పోలిస్తే దగ్గరవుతాయి. రైతుకు కావలసింది ఈ రెండో పోలికే.

దీనికి 1978లో ప్రపంచ ఆహార, వ్యవసాయ సంస్థ ఒక కొలత తెచ్చింది. దాన్ని పంటకాల నిడివి అంటారు. వాన, బాష్పీభవన–బాష్పోత్సేకంలో సగం దాటిన రోజు నుంచి లెక్క మొదలవుతుంది. వానలు వెనకబట్టాక నేలలో మిగిలిన తేమ అయ్యేదాకా సాగుతుంది. మనకది తొలకరి తరువాత మొదలై ఇంచుమించు నవంబరు దాకా పోతుంది. సార్వా అందులో ఇమిడిపోతుంది. దాళ్వా ఆ లెక్కలో లేనే లేదు. దాళ్వా చేను వాన లెక్కలోది కాదు, ధవళేశ్వరం ఆనకట్ట, సీలేరు నీటి లెక్కలోది. అందుకే దాళ్వా కోసం బయటి రకం తెచ్చేటప్పుడు వాన అంకెలు చూడటం దండగ. రాత్రి ఉష్ణోగ్రత చూడండి, పొట్ట దశలో పగటి ఎండ ఎంతో చూడండి.

ఇంకొక సంగతి ఉంది, ఏ వర్గీకరణలోనూ కనిపించదు. పగటి నిడివి. పాత వరి రకాలు చాలావాటికి పగలు కురచ అయితేనే పొట్ట వస్తుంది. అలాంటి రకం ఒక అక్షాంశంలో అనుకున్న నెలకు ఈని, ఇంకొక అక్షాంశంలో నెలా రెండు నెలలు తేడాగా ఈనుతుంది. ఉష్ణోగ్రత, వాన రెండూ సరిగ్గా కలిసినా పంట చెడుతుంది. ఫిలిప్పీన్స్‌లోని అంతర్జాతీయ వరి పరిశోధన సంస్థ 1966లో విడుదల చేసిన ఐఆర్-8 బలం అక్కడే ఉంది. దానికి పగటి నిడివి పట్టింపు లేదు. మరుసటి ఏడాదే ఆచంటకు చెందిన నెక్కంటి సుబ్బారావు దాన్ని మన డెల్టాలో పండించి చూపించారు. ఆ సంస్థ ఉన్న లాస్ బాన్యోస్ 14 డిగ్రీల అక్షాంశంలో, ఆచంట 16 డిగ్రీల పైన ఉన్నాయి. వాన అంకెలు బాగానే వేరు. ఆ తేడాల్లో పగటి నిడివిని గింజ దాటేసింది, వాన తేడాను కాలువ పూడ్చింది.

అక్కడి రకాలు ఇక్కడ వేయవచ్చా అన్నదానికి, సార్వాకైతే ఒక సెంటు భూమిలో వేసి చూడండి, దాళ్వాకైతే స్థానిక శాస్త్రవేత్తను అడగకుండా వద్దు.

ప్రశ్న: వనామీ రొయ్య ఈక్వెడార్ వైపుది. అక్కడి వాతావరణం భీమవరంలో ఉన్నందుకే ఇంత బాగా పెరుగుతోందా?
— చెరువుల రైతు, భీమవరం

జవాబు: కాదండీ. వనామీ సొంత తీరం మెక్సికోలోని సొనోరా నుంచి పెరూ ఉత్తరం దాకా. సొనోరా ఎడారి తీరం. మధ్య అమెరికాలో దట్టమైన వాన తీరాలున్నాయి. ఇన్ని రకాల గాలి కింద ఒకే రొయ్య బతుకుతోందంటే దానికి గాలి వాతావరణంతో పని లేదని. దానికి కావలసింది ఏడాది పొడుగునా 20 డిగ్రీలు తగ్గని నీరు. ఉప్పు ఎక్కువైనా తక్కువైనా సర్దుకుపోతుంది. 2009లో దేశంలోకి అనుమతించాక మన వైపు కుదురుకోవడానికి ఆ రెండు గుణాలే చాలు. రొయ్య కోసం పోల్చదలిస్తే కోపెన్ పటం మూసేసి, చెరువు నీటి ఉష్ణోగ్రత పొద్దున్నా సాయంత్రమూ రాసుకోండి.

ప్రశ్న: కోకో అమెజాన్ అడవి మొక్క అంటారు. అమెజాన్ వాన మనకెక్కడిది? కొబ్బరి తోటల్లో ఎలా బతుకుతోంది?
— గృహిణి, ద్వారకా తిరుమల

జవాబు: తోట లోపల వాతావరణం వేరమ్మా. దీన్ని సూక్ష్మ శీతోష్ణస్థితి అంటారు. వాతావరణ కేంద్రంలో ఉష్ణమాపకాలను ఆరుబయట, నేలకు నాలుగడుగుల ఎత్తున, తెల్లటి జాలీ పెట్టెలో ఉంచుతాం. పటాల మీద కనిపించే అంకె ఆ పెట్టెది. మే నెల మధ్యాహ్నం ఆ పెట్టె దగ్గర నుంచి పక్కనున్న కొబ్బరి–కోకో తోటలోకి నాలుగడుగులు వేయండి. తడి ఆకుల వాసన తగులుతుంది, ఒంటి మీద చెమట ఆరదు, చొక్కా వీపుకు అంటుకుంటుంది. ఎండ తగ్గింది, గాలి ఆగింది, తేమ పెరిగింది. కొబ్బరి మట్టల నీడ, రాలిన కోకో ఆకుల మెత్త, డ్రిప్పు నీరు, మూడూ కలిసి అక్కడ వేరే దేశాన్ని చేస్తున్నాయి. నీడ తీసేసి ఉత్త పొలంలో వేయండి, అప్పుడు పటమే నిజమవుతుంది.

ప్రశ్న: కాటన్ దొర తంజావూరులో పని చేసి వచ్చి మన ఆనకట్ట కట్టాడు. కావేరి డెల్టా, గోదావరి డెల్టా ఒకే రకం వాతావరణం అనుకోవచ్చా?
— ఉన్నత పాఠశాల ఉపాధ్యాయుడు, రామచంద్రపురం

జవాబు: నేల విషయంలో, నదిని కట్టే విషయంలో దగ్గరే. కాటన్ ముందు కావేరి, దాని పాయ కొల్లిడం మీద పని చేసిన మనిషి. ఆ అనుభవంతోనే 1847లో ధవళేశ్వరంలో మొదలుపెట్టి 1852కల్లా ఆనకట్ట పూర్తి చేశాడు. వాన విషయంలో మాత్రం రెండు డెల్టాలకూ పొత్తు లేదు. మనకు నైరుతి రుతుపవనం ప్రధానం, అక్టోబరు వానలు దానికి తోడు. కావేరి డెల్టా పడమటి కనుమల చాటున ఉండటంతో నైరుతి వాన తక్కువ, వానలో ఎక్కువ భాగం అక్టోబరు నుంచి డిసెంబరు మధ్య ఈశాన్య రుతుపవనంలోనే. కోపెన్ పద్ధతిలో దానికి 'ఏఎస్' అని వేరే అక్షరం ఉంది, ఎండాకాలం పొడిగా ఉండే రకం. అందుకే అక్కడి రైతు జూన్ 12న మేట్టూరు గేట్లు ఎత్తుతారా లేదా అని చూస్తాడు. ఆ నెలలో అతనికి ఆకాశం మీద భరోసా లేదు.

కానీ ఒక్క విషయంలో ఆ రెండూ కవలలు. ఏ అక్షరమూ చెప్పని విషయం అది. 1996 నవంబరు 6న కోనసీమను కొట్టిన తుఫాను ఎలాంటిదో మీకు చెప్పనక్కరలేదు. వెయ్యి మందికి పైగా పోయారు, కొబ్బరి తోటలు నేలమట్టమయ్యాయి. 2018 నవంబరులో గజ తుఫాను తమిళనాడులోని వేదారణ్యం దగ్గర తీరం దాటి తంజావూరు, పట్టుకోట్టై వైపు కొబ్బరిని అలాగే పడగొట్టింది. కోపెన్ వాడేది సగటు. తుఫాను సగటులో కరిగిపోతుంది. మన తోటలకు గాలి విషయంలో సదృశ ప్రాంతం కావాలంటే అది కేరళ కాదు, పట్టుకోట్టై. పడిపోయిన తోటను మళ్లీ లేపడం ఎలాగో అడగాల్సింది అక్కడి రైతులనే.

ప్రశ్న: కొబ్బరి ఆకుల కింద తెల్లగా చుట్టలు చుట్టే దోమ అమెరికా నుంచి వచ్చిందంటున్నారు. అంత దూరం పురుగుకు ఇక్కడ ఎలా సరిపడింది? ఏం చేయాలి?
— కొబ్బరి రైతు, పి.గన్నవరం

జవాబు: వాతావరణాల పోలిక మంచికి ఎంత పనికొస్తుందో చెడుకూ అంతే. సర్పిలాకార తెల్లదోమను మధ్య అమెరికాలోని బెలీజ్ నుంచి తెచ్చిన నమూనాలతో 2004లో మొదటిసారి వర్ణించారు. 2009లో ఫ్లోరిడాలో కనిపించింది. 2016లో తమిళనాడులోని పొల్లాచ్చి ప్రాంతంలో, ఆ వెనకే మన తోటల్లో. దారి చూడండి, అన్నీ వేడి తేమ తీరాలు, అన్నిచోట్లా కొబ్బరి ఉంది.

ఇలాంటి రాకను ముందే పసిగట్టడానికే ఆస్ట్రేలియాకు చెందిన సదర్‌స్ట్, మేవాల్డ్ 1985లో క్లైమెక్స్ అనే కంప్యూటర్ పద్ధతి తెచ్చారు. అది రెండు ఊళ్లను పక్కపక్కన పెట్టి ఊరుకోదు. పురుగు పెరగడానికి అనువైన వారాలు ఎన్ని, చలి, వేడి, ఎండు, మితిమీరిన తడి దాన్ని ఎంత దెబ్బ తీస్తాయి అని విడివిడిగా లెక్క వేసి, సున్నా నుంచి నూరు దాకా ఒక మార్కు ఇస్తుంది. ఈ శీర్షికలో చెప్పిన అన్ని పద్ధతుల్లోకీ నిజాయితీ ఉన్నది ఇదే అంటాను నేను. 'మనలాంటిదే' అనే ముందు ఎవరికి అని అడుగుతుంది.

ఇక చేయవలసింది. గట్టి వానలు పడే నెలల్లో ఈ దోమ తగ్గుతుంది, పొడి నెలల్లో పెరుగుతుంది. ఆకుల మీద నల్లటి మసి చూసి కంగారుపడి ఘాటు పురుగుమందులు కొట్టకండి. ఎన్‌కార్సియా అనే చిన్న కందిరీగ దీని పిల్లలో గుడ్డు పెట్టి చంపుతుంది. మందు కొడితే ముందు చచ్చేది అదే. ఆకు కింద పిల్ల పురుగులు నల్లబడి కనిపిస్తే కందిరీగ పని మొదలైందని గుర్తు. అలాంటి ఆకు ముక్కలు కోసి కందిరీగ లేని తోటల్లో కట్టండి. ఈ దోమను చంపే ఇసారియా శిలీంధ్రం కోసం అంబాజీపేట పరిశోధన స్థానంలో అడగండి. ఆకు అడుగు భాగం తడిసేలా నీటితో గట్టిగా కొట్టడం కూడా పనికొస్తుంది.

ప్రశ్న: ఇంకో ముప్పై ఏళ్లకు మన రాజమహేంద్రవరం వాతావరణం ఏ ఊరిలా ఉంటుందో చెప్పే పద్ధతి ఉందా?
— ఇంజనీరింగ్ విద్యార్థి, కడియం

జవాబు: ఉంది. రాబోయే కాలపు అంచనాలను తీసుకుని, ఈనాడు అలాంటి వాతావరణం ఉన్న చోటు వెతుకుతారు. అక్కడి రైతు ఇప్పుడు చేస్తున్నది మనం రేపు నేర్చుకోవచ్చని ఆశ. చల్లని దేశాలకు ఇది బాగా కుదురుతుంది. దక్షిణంగా కొన్ని వందల కిలోమీటర్లు పోతే వాళ్ల రేపు కనిపిస్తుంది. మన బాధ వేరు. ఇప్పటికే వేడి చివరన ఉన్నవాళ్లం. ఇంకా వేడి, ఇంత తేమ కలిసిన చోటు ఈనాటి భూమ్మీద దొరకడం కష్టం. అలాంటివాటిని సాటిలేని వాతావరణాలు అంటారు. అవి ఎక్కువగా ఉష్ణమండలంలోనే వస్తాయని 2007లో విలియమ్స్, జాక్సన్ బృందం చూపించింది. కాబట్టి ఎవరైనా ఒక ఊరి పేరు చెప్పేస్తే సముద్రమట్టం, ఉప్పునీరు, తుఫాను ఆ లెక్కలో ఉన్నాయా అని అడుగు. చాలాసార్లు ఉండవు.

ప్రశ్న: మా ఊరి కోపెన్ అక్షరం నేనే తేల్చుకోవాలని ఉంది. ఏమేం కావాలి?
— చిరువ్యాపారి, నరసాపురం

జవాబు: మీ ఊళ్లోనే వాతావరణ కేంద్రం ఉంది, ఉష్ణోగ్రతకు దాని అంకెలు తీసుకోండి. డెల్టా బల్లపరుపు నేల, పది పదిహేను కిలోమీటర్లకు ఉష్ణోగ్రత పెద్దగా మారదు. వాన మారుతుంది, అందుకని వాన మీ మండలానిదే తీసుకోండి. ముప్పై ఏళ్లవి ఉంటే మంచిది. ఒక్క తుఫాను ఏడాది పదేళ్ల సగటును ఎత్తేస్తుంది.

ముందు ఎండు పరీక్ష. ఏడాది సగటు ఉష్ణోగ్రతను 20తో గుణించండి. వానలో 70 శాతం ఏప్రిల్–సెప్టెంబరు మధ్యే పడితే 280 కలపండి, 30కీ 70కీ మధ్య అయితే 140. మనకు అక్టోబరు వానలు గట్టివి కాబట్టి 140 సరిపోతుంది. సగటు 28 డిగ్రీలైతే 700 వస్తుంది. మీ వాన దానికి పైన ఉంటే ఎండు రకం కాదు. అనంతపురం వాన సుమారు 550. అది 700కు తక్కువ, అందులో సగానికి ఎక్కువ, కాబట్టి అర్ధ ఎడారి రకం, 'బీఎస్‌హెచ్'. ఎండు పరీక్ష దాటాక 18 డిగ్రీల పరీక్ష, ఆ తరువాత మొదటి జవాబులో చెప్పిన 25తో భాగించే పరీక్ష.

సొంతంగా వర్షమాపకం పెట్టుకుంటే రోజూ ఉదయం 8.30కే చదవండి, ఆ వేళ తప్పితే మీ అంకె పక్క ఊరి అంకెతో కలవదు. పక్కనున్న చెట్టుకో గోడకో ఎంత ఎత్తుందో దానికి రెట్టింపు దూరంలో పెట్టండి. పన్నెండు నెలల సగటులూ ఒక కాగితం మీద రాసి పత్రిక చిరునామాకు పంపితే అక్షరం సరిచూసి పంపిస్తాను.